పడవకు పర్మిషన్ ఉంది, మోకుకు లేదు

రేవు పక్కనే నా షాపు. జిరాక్స్, డీటీపీ, పాన్‌కార్డు అప్లికేషన్లు, పాస్‌పోర్ట్ సైజు ఫొటోలు. చుట్టుపక్కల ఊళ్ళ అర్జీలన్నీ నా కీబోర్డు మీదుగానే ఆఫీసులకు వెళ్తాయి. అందుకే మా రేవులో హౌస్‌బోట్ల గొడవ ముదిరినప్పుడు, దాన్ని కాగితం మీద పెట్టే పని నాకు పడింది. ఏ ఆఫీసు ఏమంది, ఏ కాగితం కదిలింది, ఏది కదలలేదు అన్నది రాసి పెడితే ఏటి ఒడ్డున ఉండే ఇంకెవరికైనా పనికొస్తుందని ఇది రాస్తున్నాను. ఊరి పేరు, మనుషుల పేర్లు రాయను. అందరం రోజూ మొహాలు చూసుకోవాల్సిన వాళ్ళం.

మాది వశిష్ట గోదావరి ఒడ్డు. సిద్ధాంతం వంతెనకు దిగువన, చించినాడ వంతెనకు ఎగువన. సముద్రం దగ్గరే కాబట్టి, ఎండాకాలంలో ధవళేశ్వరం నుంచి చుక్క నీరు వదలకపోయినా మాకు పోటూ పాటూ తప్పవు. పోటుకి రేవు మెట్లు మునుగుతాయి, పాటుకి బురద తేలుతుంది. ఏటా రేవుకు వేలంపాట జరుగుతుంది. పాడుకున్నాయన మోటారు నావ నడుపుతాడు. అవతలి ఒడ్డున చదువుకునే పిల్లలు, పాల క్యాన్లు, కొబ్బరి బస్తాలు, మోటారుసైకిళ్ళు అన్నీ ఆ నావ మీదే దాటాలి.

మొదటి హౌస్‌బోటు రిపేరుకని వచ్చింది. కేరళ తరహాది, వెదురు తడికల పైకప్పు, రెండు గదులు, ముందు కూర్చునే వరండా. రిపేరు అయిపోయింది గానీ బోటు కదల్లేదు. కొన్నాళ్ళకు దాని పక్కన ఇంకోటి వచ్చి చేరింది. శని, ఆదివారాలు కార్లు, రాత్రి పన్నెండు దాకా పాటలు, జనరేటరు చప్పుడు. ఊళ్ళో కుర్రాళ్ళు కొందరికి వంటపనీ, తుడిచే పనీ దొరికింది. అందుకే మొదట్లో ఎవరూ గట్టిగా మాట్లాడలేదు. పొద్దున్నే స్నానానికి దిగే ఆడవాళ్ళు మాత్రం రేవు మార్చుకోవాల్సి వచ్చింది. ఎదురుగా గది కిటికీ తెరిచి ఉంటే ఎవరు దిగుతారు? బోటులోని బాత్రూం గొట్టం ఎక్కడికి పోతోందో అందరికీ తెలుసు, చూస్తూ చూస్తూ ఆ నీళ్ళలో మునగలేరు కదా.

ఇవన్నీ చిరాకులు. అసలు భయం మోకులతో, అంటే బోట్లను ఒడ్డుకు కట్టే లావుపాటి తాళ్ళతో, మొదలైంది.

ఒక మోకు ఏటిగట్టు మీది రావిచెట్టుకు కట్టారు. ఇంకోటి గట్టు వాలులో దిగ్గొట్టిన ఇనప గుంజకు. మూడోది రేవు మెట్ల అడుగున ఉన్న పాత రాతి స్తంభానికి. బోటు మెట్లకు కాస్త దిగువన, లోతులో ఉండేది. అంటే మూడో మోకు సరిగ్గా నావ ఒడ్డుకొచ్చే దారికి అడ్డం. పోటు వేళ నీరు ఎగువకు తోస్తుంది కాబట్టి బోటు మెట్ల వైపు జరిగి మోకు వదులై నీళ్ళలో మునిగిపోతుంది, ఎవరికీ కనబడదు. పాటు మొదలయ్యేసరికి బోటు సముద్రం వైపు లాగుతుంది, మోకు బిగుసుకుని నీటి మీదకు మోకాలెత్తున లేస్తుంది.

ఒక సాయంత్రం బడి వదిలిన పిల్లలతో నావ వస్తోంది. చీకటి పడుతోంది, పాటు మొదలైంది. నావ తోలే సరంగు చూసి ఇంజను తగ్గించేసరికే మోకు ముందు భాగానికి తగిలి కిందికి జారి నీళ్ళలో తిరిగే ఫ్యాన్‌కు చుట్టుకుంది. నావ అడ్డంగా తిరిగిపోయింది. పాల క్యాన్లు దొర్లాయి, ఒక మోటారుసైకిలు సగం నీళ్ళలోకి వేలాడింది. పిల్లలు ఒక పక్కకు పరిగెత్తబోతే, నావలో ఉన్న ఒక ముసలాయన "కూకోండెహే, ఎవడు లేచినా కాళ్ళిరగ్గొడతా" అని ఒక్క అరుపు అరిచాడు. ఆ అరుపే కాపాడిందని ఇప్పటికీ అంటారు. కత్తితో మోకు కోసి నావను ఒడ్డుకు తెచ్చారు. ఎవరికీ ఏమీ కాలేదు.

మర్నాడు పొద్దున్నే షాపు ముందు జనం. "రాయమ్మా, అనుమతి లేని బోట్లు అని రాయి" అన్నారు. రాశాను. కానీ ఆ ముక్కే మమ్మల్ని చాలాకాలం తప్పుదారిలో తిప్పింది.

ఎందుకంటే బోట్లకు అనుమతి ఉంది. యజమాని పక్క ఊరి రొయ్యల రైతు. వైట్‌స్పాట్ తెగులుకు చెరువులు దెబ్బతిని, మిగిలిన డబ్బు బోట్లలో పెట్టాడు. అర్జీ సంగతి తెలిసి ఫైలు చంకలో పెట్టుకుని నా షాపుకే వచ్చాడు. "దొంగబోటు కాదమ్మాయ్. రిజిస్ట్రేషన్ ఉంది, సర్వే సర్టిఫికెట్ ఉంది, ఇన్సూరెన్స్ ఉంది. ఇంకేం కావాలి?" అన్నాడు. నిజమే. 1917 నాటి పాత చట్టం తీసేసి 2021లో తెచ్చిన లోతట్టు జల నౌకల చట్టం అడిగేవి ఇవే: బోటు రిజిస్టరై ఉండాలి, నిపుణులు తనిఖీ చేసి సర్టిఫికెట్ ఇవ్వాలి, నడిపేవాడికి అర్హత ఉండాలి, బీమా ఉండాలి, ప్రాణరక్షణ సామగ్రి ఉండాలి. ఆయన దగ్గర అన్నీ ఉన్నాయి. "బాబాయ్‌గారూ, మరి ఇక్కడ కట్టుకోమని ఎవరు చెప్పారు?" అని అడిగాను. "వద్దని ఎవరు చెప్పారు?" అన్నాడు. అప్పటికి ఆ ప్రశ్నకు నా దగ్గర జవాబు లేదు.

ఆఫీసుల చుట్టూ తిరుగుడు ఎలా ఉంటుందో తెలిసినవాళ్ళకు విడిగా చెప్పక్కర్లేదు కాబట్టి గబగబా చెప్తాను. ఒక ఆఫీసులో ఏరు మాది కాదన్నారు. ఇంకో ఆఫీసులో గట్టు మాది కాదన్నారు. మరో చోట గట్టు మాదే గానీ బోటు మాది కాదన్నారు. సోమవారం గ్రీవెన్స్‌లో ఇచ్చిన అర్జీ ఒక టేబుల్ నుంచి ఇంకో టేబుల్‌కు వెళ్ళి, "పరిష్కరించబడింది" అని ఫోన్‌కు మెసేజ్ వచ్చింది. ఆ మెసేజ్ చూసే సమయానికి నా కిటికీలోంచి రెండు బోట్లూ కనబడుతున్నాయి. పోలీస్ స్టేషన్‌లో మాత్రం ఒకాయన దాపరికం లేకుండా మాట్లాడాడు. జలమార్గానికి అడ్డం కల్పిస్తే భారతీయ న్యాయ సంహితలో 285వ సెక్షన్ ఉంది, పాత ఐపీసీలో ఇదే నేరానికి 200 రూపాయల జరిమానా, ఇప్పుడు 5 వేల దాకా వేయొచ్చు. "కేసు కడతాం. ఆయన ఫైను కడతాడు. మళ్ళీ బోటు అక్కడే కడతాడు. ఏం లాభం?" అన్నాడు.

ఒక్క చోట మాత్రం అర్జీ ఇచ్చిన మర్నాడే పని జరిగింది. బోట్లకు ఒడ్డు మీది స్తంభం నుంచి కరెంటు వైరు లాగారు, రావి కొమ్మ మీదుగా. పాటుకి బోటు కిందికి దిగినప్పుడు ఆ వైరు బిగుసుకునేది, పోటుకి వేలాడి నీటిని తాకేది. జాయింటుకు చుట్టిన టేపు ఊడి రాగి కనిపిస్తోంది. నేను ఆ జాయింటును దగ్గర నుంచి ఫోన్‌లో ఫొటో తీసి, ప్రింటు అర్జీకి పిన్ను చేసి కరెంటు ఆఫీసులో ఇచ్చాం. మర్నాడు లైన్‌మన్ వచ్చి కట్ చేశాడు. అప్పుడు నాకో సంగతి అర్థమైంది. "హౌస్‌బోట్ల వల్ల ఊరికి ఇబ్బంది" అంటే అది ఎవరి పనీ కాదు. "మీ స్తంభం నుంచి మీ వైరు నీళ్ళలో పడుతోంది" అంటే ఆ మనిషి కుర్చీలో కూర్చోలేడు.

కాబట్టి అర్జీని ముక్కలు చేశాను. ఏటిగట్టులో దిగ్గొట్టిన గుంజ గురించి ఒకటి, విడిగా. మా వైపు వాళ్ళకు ఏటిగట్టు అంటే ఏమిటో చెప్పక్కర్లేదు. 2022 జులైలో భద్రాచలం దగ్గర గోదావరి 71 అడుగులు దాటి, ధవళేశ్వరం నుంచి పాతిక లక్షల క్యూసెక్కులకు పైగా వచ్చినప్పుడు ఊరంతా రాత్రిళ్ళు లాంతర్లు, ఇసుక బస్తాలు పట్టుకుని కాపు కాసింది ఈ గట్టునే. దాని వాలులో గుంజ దింపి టన్నుల బరువున్న బోటును లాగనిస్తే, రోజుకు రెండు పోట్లకూ రెండు పాట్లకూ ఆ గుంజ అటూ ఇటూ ఊగుతుంది, మట్టి గుల్లవుతుంది. గుంజ చుట్టూ పడిన బీటలో నా చెయ్యి మణికట్టు దాకా దూరింది. చేతితో సహా ఫొటో పెట్టాం. గట్టు చూసే ఇంజనీరు గారు స్వయంగా వచ్చి చూసి, గుంజ పీకి గుంత పూడ్చాలని నోటీసు ఇచ్చారు. పీకేశారు. ఆ మోకు తెచ్చి రెండో రావిచెట్టుకు కట్టారు!

రెండో ముక్క సమాచార హక్కు. బోట్లకు కాగితాలిచ్చే ఆఫీసుకు పది రూపాయల కోర్టు ఫీజు స్టాంపుతో దరఖాస్తు పెట్టాం. అడిగినవి మూడే: సర్వే సర్టిఫికెట్ కాపీలు, ఒక్కో బోటులో ఎంతమంది ఉండొచ్చు, ఈ బోట్లు ఎక్కడ కట్టేయడానికి అనుమతి ఇచ్చారు. ముప్ఫై రోజుల గడువు దాటింది, మొదటి అప్పీలు వేశాక జవాబు వచ్చింది. మొదటి రెండిటికీ కాపీలు జత చేశారు. మూడోదానికి ఒకే ఒక్క లైను: "ఇట్టి సమాచారము ఈ కార్యాలయమునందు లభ్యముగా లేదు."

ఊళ్ళో వాళ్ళు ఆ లైను చూసి నీరుగారిపోయారు. నాకు మాత్రం లాటరీ తగిలినట్టు అనిపించింది. బోటు నడపడానికి అనుమతి ఇచ్చినవాళ్ళున్నారు గానీ ఒడ్డున కట్టేయడానికి ఇచ్చినవాళ్ళు ఎవరూ లేరని ప్రభుత్వమే రాసిచ్చింది. "వద్దని ఎవరు చెప్పారు?" అన్న ప్రశ్నకు అదే జవాబు.

ఇక్కడ కొంచెం పక్కకు వెళ్తాను. మన దగ్గర బోటు ప్రమాదమంటే అందరికీ నడిచే బోటే గుర్తొస్తుంది. 2017 నవంబర్ 12న, కార్తీక ఆదివారం, ఇబ్రహీంపట్నం పవిత్ర సంగమం దగ్గర కృష్ణలో బోటు బోల్తా పడి ఇరవై మందికి పైగా పోయారు. 2019 సెప్టెంబర్ 15న గోదావరిలో కచ్చులూరు దగ్గర రాయల్ వశిష్ట అనే టూరిస్టు బోటు మునిగింది, దాన్ని ధర్మాడి సత్యం బృందం పైకి తీసేసరికి అక్టోబర్ 22 అయింది. ఆ రెండూ ప్రయాణంలో ఉన్నవే. కానీ 2024 సెప్టెంబర్ 1న ప్రకాశం బ్యారేజీని గుద్దినవి మనుషులతో నడుస్తున్న బోట్లు కావు, ఒడ్డున ఉండాల్సిన ఖాళీ బోట్లు. కృష్ణకు 11 లక్షల క్యూసెక్కులకు పైగా వరద వచ్చిన సమయంలో కొట్టుకొచ్చి 67, 69, 70 గేట్ల దగ్గర కౌంటర్‌వెయిట్లను, అంటే గేట్లు ఎత్తడానికి సాయపడే బరువు దిమ్మెలను, విరగ్గొట్టాయి. వాటిని మార్చడానికి గేట్ల నిపుణుడు కన్నయ్యనాయుడు గారు రావాల్సి వచ్చింది. బోట్లను అక్కడి నుంచి తీయడానికి క్రేన్లు కూడా చాలక నానా తంటాలు పడ్డారు. మా బోట్లు తెగితే ఎదురయ్యేది చించినాడ వంతెన స్తంభాలు. ఈ పేరా మొత్తం నా తర్వాతి అర్జీలో ఉంది, ఇంచుమించు ఇదే మాటల్లో.

ఆ అర్జీ ఆర్డీవో గారికి. వాళ్ళకు మేజిస్ట్రేట్ అధికారాలు ఉంటాయని తెలుసు గానీ, ఏ సెక్షన్ కింద వెళ్ళాలో మా ఊరి అల్లుడు, కోర్టులో గుమాస్తాగా చేసే ఆయన చెప్పాడు. భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 152. పాత సీఆర్‌పీసీలో ఇది 133. ప్రజలు వాడుకునే దారిలోగానీ, నదిలోగానీ, కాలువలోగానీ అడ్డం ఉంటే తీయించమని షరతులతో ఉత్తర్వు ఇవ్వొచ్చు. సెక్షన్‌లో నది అనే మాట ఉంది, అదే మాకు కావాల్సింది. ఉత్తర్వు అందుకున్నాయన పాటించాలి, లేదా వచ్చి ఎందుకు పాటించనో చెప్పుకోవాలి. కొత్త చట్టంలో విచారణకు 90 రోజుల గడువు పెట్టారు, కారణం రాసి 120 దాకా పొడిగించొచ్చు. తేలేలోపు ప్రమాదం ఉందనిపిస్తే తాత్కాలికంగా ఆపించొచ్చు. మాకు మొదట దక్కింది ఆ తాత్కాలిక ఉత్తర్వే: నావ దారికి అడ్డమున్న మూడో మోకు వెంటనే విప్పాలి. విప్పారు.

విచారణలో యజమాని లాయరు మంచి దెబ్బే కొట్టాడు. "నావలో లైఫ్ జాకెట్లు ఎన్ని? పిల్లల్ని ఎక్కించుకుని చీకట్లో లైటు లేకుండా ఎలా నడిపారు?" మా వాళ్ళు నేల చూపులు చూశారు. నావ వాళ్ళూ సుద్దపూసలేం కాదు. ఉన్న నాలుగు జాకెట్లూ ఇంజను కింద నూనె మరకలతో పడుంటాయి. ఆర్డీవో గారు ఇద్దరికీ కలిపి చీవాట్లు పెట్టి, జాయింట్ ఇన్‌స్పెక్షన్‌కు తేదీ వేశారు.

ఆ ఇన్‌స్పెక్షన్ గురించి కాస్త వివరంగా చెప్పాలి. రెవెన్యూ, ఇరిగేషన్, ఫైర్, పోలీసు, బోట్ల ఆఫీసు అందరూ జీపులు దిగారు. అది నిండు పోటు. ఏరు నిండుగా, అందంగా ఉంది. బోట్లు ఒడ్డుకు ఒద్దికగా ఆనుకుని ఉన్నాయి. మోకులు వదులుగా, మెత్తగా. ఒకాయన "బాగానే ఉన్నాయిగా" అంటూ ఫొటో తీసుకున్నారు. సంతకాలు అయిపోతే మా పని అయిపోయినట్టే. అప్పుడు మా నావ సరంగు, ఆఫీసర్ల ముందు ఎప్పుడూ నోరు విప్పనివాడు, చేతులు కట్టుకుని "ఆయ్, ఇప్పుడు ఏం కనపడదండి. తమరు పాటు దాకా ఉంటే అదే మాట్లాడుద్దండి" అన్నాడు. అందరూ నవ్వారు గానీ ఇంజనీరు గారు నవ్వలేదు. ఆయనకు గుంజ గుంత గుర్తుంది. ఉందాం అన్నారు.

ఉన్నారు. నా షాపులో ఫ్యాన్ కింద కొందరు, రావిచెట్టు కింద కొందరు. నీరు దిగడం మొదలయ్యాక మోకులు ఒక్కొక్కటీ బిగిశాయి. రావిచెట్టు బెరడు కొరుకుతున్న చప్పుడు వినపడింది. ఒడ్డు వైపున్న బోటు అడుగు బురదకు ఆనింది, రెండో బోటు ఇంకా తేలుతోంది, రెండిటినీ కలిపిన తాడు కరకరమంటూ మొదటిదాన్ని ఒక పక్కకు వంచింది. లోపల గిన్నెలు జారిపడిన శబ్దం. ఫైరాయన గబగబా లోపలికి వెళ్ళి చూస్తే వంటగదిలో రెండు గ్యాస్ సిలిండర్లు, కట్టు లేకుండా, ఒకటి పక్కకు ఒరిగి ఉంది. ఆయన మామీద అరిచినట్టే అరిచాడు: గ్యాస్ గాలి కన్నా బరువు, లీకైతే బోటు అడుగున పేరుకుపోతుంది, కిటికీలు తెరిచినా పోదు, జనరేటరు స్టార్ట్ చేసినప్పుడు ఒక్క నిప్పురవ్వ చాలు. లైఫ్ జాకెట్లు బోటులో లెక్కకు సరిగ్గా ఉన్నాయి. బీరువాలో, తాళం వేసి. తాళంచెవి ఉన్న కుర్రాడు ఆ రోజు సెలవు.

ఉత్తర్వులో చాలా షరతులున్నాయి. నాకు ముఖ్యమనిపించినవి చెప్తాను. బోట్లు రేవు నుంచి దిగువ మలుపులోకి మారాలి. చెట్లకు, ఏటిగట్టుకు, రేవు రాళ్ళకు మోకు కట్టకూడదు, సొంత స్తంభాలు ఏట్లో పాతుకోవాలి, వాటికి ఇనప కడియాలు వేసి పోటుపాట్లకు పైకీ కిందికీ జరిగేలా కట్టాలి. ఒకదానికొకటి కట్టకూడదు. రాత్రంతా లైటు వెలగాలి. మురుగు ట్యాంకులోకే. ధవళేశ్వరం దగ్గర 11.75 అడుగులకు మొదటి హెచ్చరిక ఇస్తారు కదా, ఆ హెచ్చరిక రాగానే మనుషులను దింపి బోట్లను చెప్పిన పాయలోకి చేర్చాలి. ఈ చివరి షరతు మేం అడగలేదు, ఇంజనీరు గారు రాయించారు. నావ వాళ్ళకు కూడా ఒక షరతు పడింది: ఎక్కిన ప్రతి ఒక్కరికీ జాకెట్, చీకటి పడితే లైటు. పాటదారు వారం పాటు నాతో మాట్లాడలేదు.

యజమాని ఒక బోటును మార్చాడు. రెండోదాన్ని స్తంభాల ఖర్చు భరించలేనని అమ్మకానికి పెట్టాడు, అమ్ముడుపోయేదాకా ఖాళీగా పాయలో ఉంచాడు. వరదకు మొదటి హెచ్చరిక వచ్చిన రోజు మార్చిన బోటు కూడా పాయలోకే వెళ్ళింది. కాస్త ఆలస్యంగా, సరంగు రెండుసార్లు ఫోన్ చేశాక.

ఇప్పుడు దిగువ మలుపు దగ్గర వలలు లాగే వాళ్ళు గొడవ మొదలుపెట్టారు. అది వాళ్ళ తాతల నాటి వలపాటు, స్తంభాలకు వలలు చిక్కి చిరుగుతున్నాయట. ఉత్తర్వు ఇచ్చేముందు వాళ్ళను ఎవరూ అడగలేదు, నేను కూడా వాళ్ళ మాట ఎక్కడా రాయలేదు, వాళ్ళు మా షాపు వైపు రారు. వాళ్ళ అర్జీ కూడా నేనే టైప్ చేశాను. ఎన్ని స్తంభాలు, ఒడ్డుకు ఎంత దూరం, ఏ పోటుకి వల వేస్తారు, ఏ వల ఎక్కడ చిరిగింది అని ఒక్కొక్కటీ అడిగి రాశాను.

మొన్న యజమాని వచ్చాడు. ప్రైవేటు బోట్లన్నిటికీ కలిపి ప్రభుత్వమే ఒక జెట్టీ కట్టించి, అద్దె తీసుకోవాలని అర్జీ పెడతాడట. న్యాయమైన కోరికే, ఆ సంగతి ఆయనకే చెప్పాను. "అయితే బాగా రాయమ్మాయ్, నామీద రాసినట్టు" అన్నాడు. స్థలం ఎక్కడ కావాలో సర్వే నంబరుతో సహా తెమ్మని పంపించాను. ఇంకా తేలేదు.